జొంగ్‌హూ వరసలో కూర్చున్న మనవరాలికి

విజయనగరం

చిరంజీవి అమ్మలుకు,

సింగపూర్ యూత్ ఫెస్టివల్ దగ్గరపడుతుంటే మీ బడి చైనా ఆర్కెస్ట్రాలో మీ మాస్టారు నిన్ను ఎర్హూ వరస నుంచి తీసి జొంగ్‌హూకి మార్చారనీ, నువ్వు సరిగా అన్నం కూడా తినడం లేదనీ మీ అమ్మ ఫోన్లో చెప్పింది. "పాటంతా ఎర్హూ వాళ్లదే, మాకు మధ్యలో పొడుగు స్వరాలు తప్ప ఏమీ లేవు" అన్నావట. జీవితమంతా పక్కవాద్యం వాయించినవాణ్ని కనక ఈ మాటకు జవాబు చెప్పే బాధ్యత నాకుంది.

ముందు నీ చేతిలో ఉన్న వాయిద్యం సంగతి విను. ఎర్హూ పాతది. జొంగ్‌హూ అలా కాదు, కిందటి శతాబ్దంలో పుట్టింది. మీరంతా ఇవాళ కూర్చుంటున్న ఆ పెద్ద చైనా ఆర్కెస్ట్రా కూడా కొత్తదే. 1920ల్లో షాంఘైలో మొదలైన ప్రయత్నాలు, 1935లో నాన్జింగ్ రేడియోలో, 1953లో బీజింగ్ రేడియోలో ఏర్పడ్డ బృందాలు దానికి రూపం ఇచ్చాయి. అన్ని వాయిద్యాలనూ కలిపి కూర్చోబెట్టేసరికి పైన గొంతులు బోలెడు, మధ్యలో, కింద వెలితి. కింది వెలితిని చెల్లో, డబుల్ బాస్ అరువు తెచ్చుకుని పూడ్చారు. మధ్య వెలితి కోసం ఎర్హూనే పెద్దది చేసి, లావు తీగలు కట్టి, శ్రుతి దించి జొంగ్‌హూ తయారు చేసుకున్నారు. ఆర్కెస్ట్రాకు అవసరమై పుట్టిన వాయిద్యం అది. దాన్ని నీకు ఇవ్వడాన్ని కింద కూర్చోబెట్టడం అనుకోకు.

ఎర్హూనే తీసుకో. వీధుల్లో, నాటకాల్లో వాయించే ఆ రెండు తీగల వాయిద్యాన్ని లియు తియన్‌హ్వా అనే ఆయన 1922 నుంచి పీకింగ్ విశ్వవిద్యాలయంలో నేర్పాడు. దాని కోసం సోలో రచనలు చేశాడు. వయొలిన్ కూడా నేర్చుకుని ఆ పద్ధతులు కొన్ని ఇందులోకి తెచ్చాడు. సరిగ్గా ఆ రోజుల్లోనే మన ఊళ్లో, 1919లో మొదలైన సంగీత కళాశాలలో, ద్వారం వెంకటస్వామి నాయుడు గారు వయొలిన్ చెబుతున్నారు. పక్కన కూర్చునే వయొలిన్‌తో సోలో కచేరీ చేసి జనాన్ని కూర్చోబెట్టిన మనిషి ఆయన. అయినా పక్కవాద్యానికి కూర్చున్నప్పుడు గాయకుడి గొంతును కనిపెట్టుకునే వాయించారు. వినడం వచ్చినవాడికే ముందు కూర్చునే అర్హత వస్తుందని నేను ఈనాటికీ నమ్ముతాను.

ఇక అసలు పని. మీటి వాయించే పిపాకు, రువాన్‌కు మెట్లున్నాయి. యాంగ్‌చిన్ తీగలు ముందే శ్రుతి చేసి పెట్టినవి. వాయించేటప్పుడు వాళ్లు స్వరాన్ని పెద్దగా జరపలేరు. మీ హూ వాయిద్యాలకు మెట్లూ లేవు, వేలు ఆనించడానికి పలకా లేదు. తీగ గాలిలోనే ఉంటుంది, వెంట్రుక వాసి తేడాకే స్వరం జారుతుంది. కాబట్టి సర్దుకోవలసింది మీరే. పొడుగు స్వరం పట్టినప్పుడు నీ చెవి నీ విల్లు మీద పెట్టుకోకు, రువాన్ వాళ్ల మీద పెట్టు. వాళ్ల స్వరంలో నీది కలిసిపోయి నీకే విడిగా వినిపించనప్పుడు సరిగ్గా ఉన్నట్టు. అప్పుడు పైన ఎర్హూ పాట దానంతట అదే నిండుగా వినిపిస్తుంది. హాల్లో కూర్చున్నవాళ్లకు కారణం తెలియదు. జడ్జీలకు తెలుస్తుంది.

ఇంకొకటి. మీ వాయిద్యాలకు కొండచిలువ చర్మం వేస్తారు కదా. సింగపూర్ ఉక్కలో ఒకలా, ఏసీ హాల్లో ఒకలా పలుకుతుంది. బయట శ్రుతి చేసుకుని లోపలికి వెళ్లి నిశ్చింతగా కూర్చోకు, మళ్లీ చూసుకో. బ్రిడ్జి కింద పెట్టే ఆ చిన్న స్పాంజి ముక్క పక్కకు జరిగితే గొంతు గరగరలాడుతుంది. పెట్టె తీయగానే ముందు దాన్నే చూడు.

సర్టిఫికెట్ మాట కూడా చెప్పాలి. 1967 నుంచి నడుస్తున్న పండుగ మీ యూత్ ఫెస్టివల్. ఒకప్పుడు గోల్డ్, సిల్వర్ అని ఇచ్చేవారు. 2013 నుంచి డిస్టింక్షన్, అకంప్లిష్‌మెంట్, కమెండేషన్ అని సర్టిఫికెట్లు ఇస్తున్నారు. పక్క బడిని ఓడించవలసిన పని లేదు, ఎవరి స్థాయి వాళ్లదే. మంచి మార్పు అనే నా అభిప్రాయం. డిస్టింక్షన్ రావాలని నాకూ ఆశే. కానీ ఆ కొద్ది నిమిషాల కోసం మీ బడిపిల్లలు నెలల తరబడి ఒకరి చప్పుడు ఒకరు వింటూ కూర్చున్నారే, ఆ వినికిడి ఏ సర్టిఫికెట్ వచ్చినా నీతోనే ఉంటుంది. మన బంధువుల్లో కొందరు "చైనా వాయిద్యం ఎందుకు, వీణ నేర్పకూడదా" అంటున్నారని మీ అమ్మ బాధపడింది. వయొలిన్ కూడా సముద్రం దాటి వచ్చినదే, దాన్ని మనం నేల మీద కూర్చుని మన సంగీతానికి తిప్పుకున్నాం. వాళ్లకు నేను చెప్పుకుంటాను, నువ్వు పట్టించుకోకు.

వీలైతే మీ ఊరి సింగపూర్ చైనీస్ ఆర్కెస్ట్రా కచేరీకి మీ నాన్నను తీసుకెళ్లమను. కచేరీ అంతా జొంగ్‌హూ వాళ్లనే చూడు. వాళ్ల విల్లులన్నీ ఒకేచోట తిరుగుతాయా, ఎప్పుడు బలం తగ్గిస్తున్నారు, సువోనా బూరలు లేచినప్పుడు ఏం చేస్తున్నారు, అవి గమనించు.

మీ అంకెల నొటేషన్ కాగితాలు ఫోటో తీసి పంపు, నీ భాగంతో పాటు ఎర్హూ భాగం కూడా. 1 అంటే షడ్జమం, పైన చుక్క పెడితే తారస్థాయి, కింద పెడితే మంద్రం, అంకె కింద గీత గీస్తే కాలం సగం. మన స్వరలిపి చదివేవాడికి అది కష్టమేమీ కాదు. ఎర్హూ భాగం నేను వయొలిన్ మీద మీ శ్రుతికే వాయించి, నిదానంగా ఒకసారి, అసలు వేగంలో ఒకసారి రికార్డు చేసి పంపుతాను. దాని మీద నీ భాగం వాయించి నాకు తిరిగి పంపు. ఎక్కడ కలిసిందో, ఎక్కడ విడిపోయిందో ఆదివారం ఫోన్లో మాట్లాడుకుందాం.

ఆశీస్సులతో,
తాతయ్య