గ్రహణచ్ఛాయలో శ్రీకాళహస్తి

గ్రహణమనగానే మన ప్రాంతంలోని దేవాలయాల తలుపులు మూతపడతాయి. తిరుమల ఆలయమూ ఇందుకు మినహాయింపు కాదు. సరిగా ఆ ఘడియలలోనే శ్రీకాళహస్తీశ్వరుని ఆలయం తెరచి ఉంటుంది; గ్రహణకాలంలో స్వామికి అభిషేకం కూడ జరుగుతుంది. 2019 డిసెంబరు 26 ఉదయం సూర్యగ్రహణం నాడు ఈ భేదాన్ని మనమందరం చూశాము. స్వామి ధరించే కవచంపై నవగ్రహాలు, ఇరువదియేడు నక్షత్రాలు ఉన్నందున గ్రహణదోషం ఆయనకు అంటదని ఆలయ సంప్రదాయం. రాహుకేతు పూజల కోసం దేశం నలుమూలల నుండి జనం వచ్చే ఈ ఊరిలో చదువుకుంటూ, ఆ రాహుకేతువులెవరో తెలుసుకోకపోవడం మనకు శోభించదు.

రాహుకేతువులు కంటికి కనబడే గోళాలు కావు. ఆకాశంలో సూర్యుడు ఏడాది పొడవునా నడచినట్లు తోచే దారి ఒకటి. చంద్రుని దారి మరొకటి. రెండవది మొదటిదానికి సుమారు 5 డిగ్రీలు వాలి ఉన్నది. కనుక ఈ రెండు దారులు రెండు చోట్ల ఖండించుకొంటాయి. చంద్రుడు ఉత్తరానికి దాటే బిందువు రాహువు, దక్షిణానికి దాటే బిందువు కేతువు. అమావాస్య గాని, పౌర్ణమి గాని ఈ బిందువుల సమీపంలో సంభవిస్తేనే గ్రహణం. ఆ వాలు లేనట్లయితే ప్రతి అమావాస్యకు భూమిపై ఎక్కడో ఒకచోట సూర్యగ్రహణం పట్టవలసినదే! ఈ బిందువులు వెనుకకు జరుగుతూ సుమారు 18.6 సంవత్సరాలకు ఒక చుట్టు పూర్తిచేస్తాయి. రాహుకేతువులు ఎల్లప్పుడు వక్రగతిలో ఉంటారని జ్యోతిష్కులు చెప్పే మాటకు మూలమిదే. గ్రహణానికి కారణం నీడలేనని ఆర్యభటుడు క్రీ.శ. 499 నాటికే వ్రాసి ఉన్నాడు. పాము మింగుట అనే కథ, నీడ పడుట అనే గణితం రెండూ మన దేశంలో పక్కపక్కనే బ్రతికినవి.

మన తెలుగునేల గ్రహణచరిత్రలో 1868 ఆగస్టు 18 మరువరాని దినం. నాటి సంపూర్ణ సూర్యగ్రహణాన్ని చూడడానికి ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు జాన్సెన్ గుంటూరుకు వచ్చాడు. సూర్యుని అంచున ఎగసే జ్వాలల వెలుగును వర్ణపటదర్శినితో పరీక్షించి, అవి మండే వాయువులని గ్రహించాడు. గ్రహణం లేకుండానే వాటిని చూడవచ్చునని మరునాడే నిరూపించాడు. ఆ గ్రహణకాలంలో గుర్తించిన ఒక పసుపుపచ్చని రేఖ ఏ తెలిసిన మూలకానికీ సరిపడలేదు. ఇంగ్లండులో లాక్యర్ ఆ రేఖను పరిశీలించి, కొత్త మూలకానికి సూర్యుని గ్రీకు నామాన్ని బట్టి హీలియం అని పేరు పెట్టాడు. భూమిపై అది రామ్సేకు దొరికినది 1895లో. బుడగలలో నింపే వాయువు కథ గుంటూరు ఆకాశంతో ముడిపడి ఉన్నదని ఎందరికి తెలుసు?

అదే గ్రహణాన్ని మదరాసు నక్షత్రశాలలో పనిచేసిన చింతామణి రఘునాథాచారి వనపర్తి నుండి పరిశీలించాడు. పంచాంగగణితాన్ని సంస్కరించాలని పాటుపడిన ఆయన 1874 నాటి శుక్రగ్రహ సంక్రమణంపై వ్రాసిన చిన్నపుస్తకం ఉర్దూలో కూడ వెలువడింది. ఉర్దూ, తెలుగు పక్కపక్కన చదువుకునే మనకు ఈ సంగతి ప్రత్యేకంగా రుచించాలి.

ఇక ఇళ్ళలోకి వద్దాము. పట్టుస్నానం, విడుపుస్నానం, ఊరగాయ జాడీపై దర్భపోచ అందరికీ తెలిసినవే. ఇత్తడి పళ్ళెంలో నీళ్ళు పోసి రోకలిని నిలబెట్టడం మరొకటి. గ్రహణం విడిచేవరకే నిలుస్తుందట! అడుగు చదునుగా ఉన్న రోకలిని ఓపికగా నిలిపితే ఏ రోజైనా నిలుస్తుంది. ఇది వినోదమే గనుక దీనితో మాకు తగాదా లేదు.

మా తగాదా వేరొక మాటతో. పెదవి చీలికతో పుట్టిన బిడ్డను మన భాషలో 'గ్రహణం మొర్రి' అంటారు. ఆ పేరులోనే నింద ఉన్నది: తల్లి గ్రహణం చూచినది, కత్తి పట్టినది, ఆమె వల్లనే బిడ్డకు ఈ గతి అని. గర్భస్థ శిశువు పెదవి 4 నుండి 7 వారాల మధ్య, అంగిలి 6 నుండి 9 వారాల మధ్య రూపొందుతాయి. తాను గర్భవతినని స్త్రీకి తెలిసేసరికే ఆ పని చాలవరకు సాగిపోతుంది. ఏడవ నెలలో ఆమెను చీకటిగదిలో అన్నం నీళ్ళు లేకుండా పడుకోబెట్టడం వల్ల అప్పటికే ఏర్పడిన పెదవికి ఒరిగేదేమి? గ్రహణమే కనబడని సంవత్సరాలలోను, దేశాలలోను ఈ చీలిక గల శిశువులు పుడుతూనే ఉన్నారు. వంశపారంపర్యం, పరిసరాలు, పొగాకు వంటి పలు కారణాలు వైద్యులు చెబుతారు. సాధారణంగా తొలి సంవత్సరంలోనే శస్త్రచికిత్సతో పెదవిని సరిచేస్తారు. చీకటిగదిలో నీళ్ళు త్రాగక గడిపిన గంటలే గర్భిణికి అసలు ప్రమాదం.

ఈ నమ్మకం ఒక మతానికి పరిమితం కాదు. మన ముస్లిం కుటుంబాలలోనూ 'గహన్' నాడు గర్భిణి చేతికి కత్తెర ఇవ్వరు. కాని ఇస్లాం సంప్రదాయంలో దీనికి చోటు లేదు. ప్రవక్త ముహమ్మద్ (స) కుమారుడు ఇబ్రాహీం పసితనంలో మరణించిన నాడే సూర్యగ్రహణం పట్టింది. గణితాన్ని బట్టి అది క్రీ.శ. 632 జనవరి 27 అని భావిస్తారు. ఆ బిడ్డ కోసమే సూర్యుడు చీకటిపడ్డాడని జనం అనుకోగా, ఎవరి చావుపుట్టుకలకూ సూర్యచంద్రులకు గ్రహణం పట్టదని ప్రవక్త వారించారు. పుత్రశోకంలో ఉన్న తండ్రి అన్న మాట అది. నమాజె కుసూఫ్ చదువుతారు. అంతే గాని ఎవరినీ గదిలో మూయరు.

ఒక జాగ్రత్త మాత్రం నిజంగా అవసరం. సూర్యగ్రహణాన్ని వట్టి కంటితోగాని, మసిపూసిన అద్దంతోగాని, పాత ఎక్స్‌రే ఫిల్ముతోగాని చూడరాదు. నేత్రపటలానికి నొప్పి తెలియదు. చూపు పోయిన తరువాతనే తెలుస్తుంది. వేపచెట్టు క్రింద నిలబడి నేలను చూడండి. ఆకుల సందులలో నుండి పడే వెలుగుచుక్కలన్నీ నెలవంకలై కనబడతాయి.

2031 మే 21న కంకణగ్రహణం కేరళ, దక్షిణ తమిళనాడుల మీదుగా సాగుతుంది. మన ఊరికి పాక్షికంగా కనబడుతుంది. ఆనాడు రోకలి నిలబెట్టదలచిన వారు దయచేసి ముందురోజు కూడ ఒకసారి నిలబెట్టి చూడగలరు.