ఇద్దరి మాటా విన్నాకే

ఏలూరులో వకీలు గుమాస్తాగా 40 ఏళ్ళు ఫైళ్ళు మోశాను. చదివింది ఎస్సెల్సీ. మిగతా చదువంతా కోర్టు వరండాలోనే, కొల్లేటి లంకల నుంచీ తాడేపల్లిగూడెం చుట్టుపక్కల ఊళ్ళ నుంచీ తెల్లారకుండా బయల్దేరి వచ్చే కక్షిదారుల దగ్గరే అబ్బింది. మా మనవడు లా కాలేజీలో చేరాడు. వాడి కోసం రాసిపెట్టిన నాలుగు ముక్కలివి.

1. నోటీసు మనిషికి అందాలి.

తాడేపల్లిగూడెం వైపు నుంచి ఒకావిడ వచ్చింది. భర్త పోయిన ఏడాదికే పొలమంతా మరిది పేరు మీదికి ఎక్కింది. నకలు తీయిస్తే ‘నోటీసు ఇంటి తలుపునకు అంటించడమైనది’ అని ఉంది. కింద ఇద్దరు సాక్షుల వేలిముద్రలు. చదివి వినిపించాను. ఆవిడ కాసేపు ఆలోచించి, ‘‘మా ఇంటికి తలుపెక్కడిదండీ, తడికేగా’’ అంది. మా వకీలుగారు అప్పీలు ఆ తడికెతోనే మొదలుపెట్టారు. ఇలా రికార్డులో పేర్లు మార్చే పట్టాదారు పాసుపుస్తకాల చట్టం 1971 నాటిది. రికార్డులో పేరున్న వాళ్ళకు నోటీసు విడిగా అందాల్సిందేననీ, ఊరికే ప్రచురించి చేతులు దులుపుకుంటే చెల్లదనీ 2007లో హైకోర్టు ఫుల్ బెంచి తేల్చింది. ఆ తీర్పు రాకముందు ఇలాంటి తడికెలు ఎన్ని చూశానో!

2. ముందు వినాలి, తర్వాత రాయాలి.

ఏ ఆఫీసో చెప్పను. విచారణకు 14వ తేదీన రమ్మన్నారు. వెళ్ళాం, చెప్పుకున్నాం, ఆఫీసరుగారు శ్రద్ధగా తలూపారు. ఆర్డరు చేతికొచ్చాక చూస్తే తేదీ 12. పెళ్ళి చేసేసి పెళ్ళిచూపులకు పిలిచినట్టయింది. ‘వాడు వచ్చినా చెప్పేదేముంది’ అనేది ఇలాంటి చోట తరచూ వినిపించే సాకు. బొంబాయి పేవ్‌మెంట్ల మీద బతికేవాళ్ళ కేసులో సుప్రీంకోర్టు 1985లోనే ఆ సాకును కొట్టేసింది. జవాబు ఉండదని ముందే అనుకుని నోటీసు మానేయడానికి వీల్లేదంది.

3. గీత గీసేవాడు, గీత మీద బతికేవాడి భాషలో చెప్పాలి.

1999లో కొల్లేటిని ప్లస్ 5 అడుగుల కాంటూరు వరకు అభయారణ్యం చేశారు. సుమారు 308 చదరపు కిలోమీటర్లు. 2006లో పొక్లెయిన్లు దిగి చేపల చెరువుల గట్లు తెంచాయి. ఆ రోజుల్లో ఒక లంక పెద్దాయన మా వరండాలో కూర్చుని, ‘‘ఆ కాంటూరు ఎక్కడుందో చూపించండి బాబూ’’ అన్నాడు. అది కంటికి కనబడదు, సముద్ర మట్టం నుంచి కొలిచే ఎత్తు అని చెప్పాను. ‘‘సముద్రం ఉప్పుటేరు చివర కదండీ ఉంది, నా గట్టుతో దానికేం పని?’’ అన్నాడు. నా దగ్గర జవాబు లేదు.

కొల్లేరు బతకాలి. బుడమేరు, తమ్మిలేరు తెచ్చే నీళ్ళు ఉప్పుటేరులోంచి సాఫీగా సముద్రంలో కలవాలి. ఇందులో నాకు రెండో మాట లేదు. కానీ జిరాయితీ రైతు వేరు, డి పట్టా ఉన్నవాడు వేరు, సొసైటీలో పేరుండి చెరువు లీజుకిచ్చేసిన మత్స్యకారుడు వేరు, సర్కారు నేల కలిపేసుకున్న ఆసామీ వేరు. ఎవరెవరో విడదీయాలంటే కూర్చోబెట్టి వినాలి. 1972 వన్యప్రాణి చట్టం చెప్పేదీ అదే. కలెక్టరు ఊరూరా స్థానిక భాషలో ప్రకటన వేయించాలి, హక్కుందన్నవాళ్ళు రెండు నెలల్లో రాసివ్వాలి, ఆపైన విచారణ జరగాలి. పొక్లెయిన్‌కు గట్టే తెలుస్తుంది, గట్టు ఎవరిదో తెలియదు.

4. అవతలివాడి కాగితం చూడకుండా నోరు విప్పొద్దు.

అడంగల్, 1బి, ఎఫ్ఎంబీ నకళ్ళు ముందు తీయించు. ఎదుటి పక్షం ఏం దాఖలు చేసిందో దాని కాపీ అడుగు. ఇవ్వకపోతే అడిగినట్టు రాసిచ్చి రసీదు పుచ్చుకో. 1984 దాకా ఊరి లెక్కలన్నీ కరణంగారి ఇంట్లోనే ఉండేవి, ఆయన చెప్పిందే వేదం. ఇప్పుడు ఫోన్లోనే చూసుకోవచ్చు. చూడటమైతే తేలికైంది గానీ, తప్పు పడితే దిద్దించుకోవడానికి ఇప్పటికీ చెప్పులరగాల్సిందే.

5. డబ్బు లేదని వెనక్కి తిరగొద్దు.

1987 న్యాయ సేవల చట్టం కింద ఆడవాళ్ళకూ, ఎస్సీ, ఎస్టీలకూ ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును పెడతారు. ఈ సంగతి తెలియక పుస్తెలు తాకట్టు పెట్టి వచ్చినవాళ్ళను చూశాను. వకీలు గుమాస్తాగా ఆ మాట నేనే ముందు చెప్పాల్సింది. చాలాసార్లు చెప్పలేదు.

6. భోంచేసిన ఇంట్లో తీర్పు చెప్పొద్దు.

ఇది నా తప్పు. మా ఊళ్ళో అన్నదమ్ములకు నీటి బోదె దగ్గర తగాదా వస్తే నన్ను పెద్దమనిషిగా పిలిచారు. అన్న ఇంట్లో దిగాను. కొల్లేటి కొరమీను పులుసు వడ్డిస్తూ అతను తన కథంతా చెప్పాడు. సాయంత్రం రచ్చబండ మీద తమ్ముణ్ణి పిలిచి, ‘‘నువ్వేమంటావురా’’ అని అడిగాను. అప్పటికే నా మనసులో తీర్పు అయిపోయింది. ఆ కుర్రాడు నా మొహం చూసి, ‘‘మీరే చెప్పండి బాబాయ్’’ అన్నాడు. చెప్పాను. మర్నాడు పొద్దున్నే వాడు కోర్టుకెక్కాడు. పొలానికి వెళ్ళి బోదె చూడాలన్న ఆలోచనే నాకు రాలేదు. చూసుంటే పల్లం ఎటుందో నీళ్ళే చెప్పేవి.

7. వినడం వేరు, గెలిపించడం వేరు.

తడికె ఇంటావిడ కేసును మళ్ళీ విచారించమని వెనక్కి పంపారు. ఈసారి వదినా మరిదీ అధికారి ముందు ఎదురెదురుగా నిలబడ్డారు. మొత్తం తనకే రావాలని వచ్చిన మనిషికి చివరికి దక్కింది భర్త వాటాకొచ్చిన సగమే. బాధపడుతుందేమోనని బస్టాండు దాకా వెంట వెళ్ళాను. బస్సు ఎక్కుతూ వెనక్కి తిరిగి, ‘‘ఆయన నన్ను పేరు పెట్టి పిలిచి అడిగారండీ. మా మరిదిని కూర్చోమని, ముందు నన్నే అడిగారు’’ అంది. సగం పోయిన సంగతి ఎత్తనే లేదు.