చేతిలో తెర - చూపూ, ధ్యాసా



సెల్‌ఫోను మంచిదా, చెడ్డదా అని వక్తృత్వ పోటీల్లో వాదించుకోవటం మనకు అలవాటే. మా నాన్న మిర్చి ధర ఫోనులోనే తెలుసుకుంటాడు. నేను పాఠాలు దానిలోనే వింటాను. కాబట్టి దాన్ని తిట్టటం నా ఉద్దేశం కాదు. దానివల్ల మనం పోగొట్టుకుంటున్న ఆరుబయటి కాలాన్ని గురించి నాలుగు మాటలు మనవి చేస్తాను.

మొదట కంటి సంగతి. మాది వ్యవసాయ కుటుంబం. చిన్నప్పుడే కళ్ళజోడు వచ్చినవాడు మా ఇంట్లో ఎనిమిదో తరగతి చదివే మా తమ్ముడే మొదటివాడు. నల్లబల్ల మీది అక్షరం వాడికి ఆనదు. దీన్ని హ్రస్వదృష్టి అంటారు. పెరిగే వయస్సులో కనుగుడ్డు ఉండవలసినదానికన్నా పొడుగు సాగితే, దూరపు వస్తువు ప్రతిబింబం రెటీనాకు ముందే ఏర్పడుతుంది. అలా సాగిన గుడ్డు మళ్ళీ కుదించుకోదు.

గదిలో దీపం వెలుతురు సుమారు 300 నుంచి 500 లక్స్. ఆరుబయట చెట్టునీడలో కూడా వేల లక్స్ ఉంటుంది. మిట్టమధ్యాహ్నం ఎండలో 1,00,000 దాకా పోతుంది. ఎక్కువ వెలుతురులో రెటీనాలో విడుదలయ్యే డోపమైన్ ఈ సాగుదలను అడ్డుకుంటుందని శాస్త్రజ్ఞుల అభిప్రాయం. చైనాలోని గ్వాంగ్‌జౌలో కొన్ని బడుల్లో ఒకటో తరగతి పిల్లలకు రోజూ 40 నిమిషాలు అదనంగా ఆరుబయట తరగతి పెట్టి మూడేళ్ళు పరిశీలించారు. 2015లో ఫలితం ప్రకటించారు. మామూలు బడుల్లో 39.5 శాతం మందికి హ్రస్వదృష్టి వస్తే, ఈ బడుల్లో 30.4 శాతం మందికే వచ్చింది.

ఇక ధ్యాస. మనస్సు నిలపటం కూడా ఒక పనే, అదీ అలిసిపోతుంది. తెర మీద క్షణానికో బొమ్మ మారుతుంటే దానికి విశ్రాంతి ఎక్కడిది? అమెరికాలోని మిచిగాన్ విశ్వవిద్యాలయంవారు కొందరిని ఒకసారి చెట్ల తోటలో, మరోసారి నగర వీధుల్లో సుమారు 50 నిమిషాలు నడిపించారు. విన్న అంకెలను వెనకనుంచి అప్పజెప్పే పరీక్షలో, తోటలో నడిచివచ్చినప్పుడే మెరుగు కనిపించిందని 2008లో ప్రకటించారు. చిన్న ప్రయోగమే అయినా నాకిది నమ్మదగిందిగా తోచింది. మడికి నీళ్ళు కట్టే మా నాన్న గంటలకొద్దీ గట్టు మీద నిలబడినా ధ్యాస చెదరదు.

మా తమ్ముడి కళ్ళజోడు ఇక పోదు. కాని వాడికన్నా చిన్నపిల్లలు మనందరి ఇళ్ళల్లోనూ ఉన్నారు. సెలవులకు ఇంటికెళ్ళినప్పుడు ఫోను గూట్లో పెట్టి, రోజూ ఒక గంట వాళ్ళను బయటికి తీసుకెళ్దాం. మన హాస్టళ్ళల్లో కూడా సాయంత్రం 5 నుంచి 6 దాకా అందరం ఆటస్థలానికి వస్తే, దమ్మిడీ ఖర్చు లేని వైద్యం అదే.