రెండవ పక్షం మాట వినకముందే వచ్చే ఉత్తర్వు

దైవప్రవక్త (సల్లం) హజ్రత్ అలీ (రజి)ని న్యాయాధిపతిగా యమన్ పంపినప్పుడు ఆయన యువకులు. తీర్పులు చెప్పే అనుభవం తనకు లేదని విన్నవించుకున్నారు. ప్రవక్త (సల్లం) ఆయన కోసం దుఆ చేసి, ఇద్దరు కక్షిదారులు ఎదుట కూర్చున్నప్పుడు మొదటివాని మాట విన్నట్లే రెండవవాని మాట కూడా వినేవరకు తీర్పు చెప్పవద్దని ఉపదేశించారు (అబూ దావూద్).

సూరా సాద్‌లో హజ్రత్ దావూద్ (అలైహి) వృత్తాంతం ఉంది. తొంభై తొమ్మిది గొర్రెలున్న సోదరుడు తన ఒక్క గొర్రెనూ అడుగుతున్నాడని ఒకడు ఫిర్యాదు చేశాడు. అది అన్యాయమని దావూద్ (అలైహి) వెంటనే అన్నారు. ఆ తర్వాత ఇది తనకు పరీక్ష అని గ్రహించి, క్షమాపణ వేడుకుంటూ అల్లాహ్ ముందు మోకరిల్లారు. రెండవవాని జవాబు వినకముందే మాట వెలువడటమే ఆ పరీక్షలోని అంశమని కొందరు వ్యాఖ్యాతలు రాశారు.

మరి ఎదుటి పక్షం లేకుండానే కోర్టు ఇచ్చే తాత్కాలిక స్టే ధర్మసమ్మతమేనా? ఈ సందేహం సహజమే. పరోక్షంలో ఉన్నవానిపై తీర్పు విషయంలో ఫిఖ్హ్ పండితుల మధ్య భేదాభిప్రాయం ఉంది. షాఫయీ పండితులు కొన్ని షరతులతో అంగీకరించారు, హనఫీ పండితులు సాధారణంగా అంగీకరించలేదు. అయితే స్టే తీర్పు కాదు. హక్కు ఎవరిదో అది తేల్చదు, ఉన్నదాన్ని ఉన్నట్లు ఉంచుతుంది, అంతే. తండ్రి చనిపోయాక పంపకం కాని పొలాన్ని అన్న రేపే రిజిస్ట్రీ చేయబోతున్నాడనుకోండి. నోటీసు వెళ్ళి, అతను వచ్చి, వాదన ముగిసేసరికి చెల్లెలి వాటా పరుల చేతిలో ఉంటుంది. అలాంటప్పుడు నిలిపివేయడమే న్యాయం.

మన దేశ సివిల్ ప్రొసీజర్ కోడ్ కూడా దీనిని మినహాయింపుగానే చూస్తుంది. 39వ ఆర్డరు 3వ రూలు ప్రకారం ఇంజంక్షన్‌కు ముందు ఎదుటి పక్షానికి నోటీసు ఇవ్వాలి. ఆలస్యంవల్ల ఉద్దేశమే దెబ్బతింటుందనుకుంటే కారణాలు రాసి, నోటీసు లేకుండా ఇవ్వవచ్చు. అప్పుడు ఉత్తర్వు పొందినవాడు దావా ప్రతి, అఫిడవిట్, ఆధారపడిన పత్రాలు వెంటనే ప్రతివాదికి అందజేయాలి లేదా రిజిస్టర్డ్ పోస్టులో పంపాలి. పంపినట్లు ఆ రోజే లేదా మరుసటి రోజు కోర్టులో అఫిడవిట్ వేయాలి. 30 రోజుల్లో ఆ దరఖాస్తును తేల్చే ప్రయత్నం చేయాలని 3ఏ రూలు కోర్టుకు చెబుతుంది. అంటే ఎదుటివాని మాట వినడం వాయిదా పడిందే తప్ప రద్దు కాలేదు. వాస్తవంలో ఆ నెల సంవత్సరాలుగా సాగుతున్న కేసులు మనలో చాలామందికి తెలుసు. స్టే చేతికొచ్చాక వాయిదాలు అడగడమే కొందరికి వ్యాపారమైపోయింది!

ఇక్కడ విశ్వాసి ఆగి ఆలోచించాలి. అతను మాట్లాడే గదిలో అడ్డు చెప్పేవారు లేరు. పంపక దస్తావేజును దాచి స్టే తెచ్చుకుంటే అవతల సోదరుని ఇల్లు పునాదుల దగ్గరే ఆగిపోతుంది. వాదనాపటిమవల్ల సోదరుని హక్కు తనకు దక్కినా, అది అగ్నిఖండమేనని ప్రవక్త (సల్లం) హెచ్చరించారు (బుఖారీ, ముస్లిం). నోటీసు లేకుండా పొందిన ఉత్తర్వు వెనుక తెలిసీ చెప్పిన అబద్ధమున్నట్లు తేలితే, సాధారణంగా దాన్ని రద్దు చేయాలని 4వ రూలు కూడా అంటుంది.

వినే హక్కు రెండువైపులా ఉంటుంది. 6 నెలలు దాటిన స్టేలు వాటంతటవే తొలగిపోవాలని 2018లో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం చెప్పింది. 2024 ఫిబ్రవరి 29న అయిదుగురి ధర్మాసనం దానిని కొట్టివేసింది. స్టే పొందినవాని తప్పేమీ లేకుండా, అతని మాట వినకుండా అది రాలిపోవడం కూడా సహజన్యాయానికి విరుద్ధమేనని అభిప్రాయపడింది.

తనపై ఇలాంటి ఉత్తర్వు రావచ్చని భయపడేవారు 148ఏ సెక్షను కింద ముందే కేవియట్ వేసుకోవచ్చు. అది 90 రోజులు ఉంటుంది. ఉత్తర్వు వచ్చేస్తే మాత్రం కోపంతో ధిక్కరించకండి. కాగితాలతో వకీలు దగ్గరకు వెళ్ళి, 4వ రూలు కింద రద్దు కోసం దరఖాస్తు పెట్టండి.