చామంతి తల్లిమొక్కల సంరక్షణము

మన ప్రాంతమున చామంతిని ఆషాఢమున నాటి, పూలు కోయుట ముగిసినంతనే పెరికివేయుట వాడుక. అందుచే పలువురు దీనిని ఒక యేటి పైరని తలంతురు. కాని చామంతి బహువార్షికము. చీనాదేశమున రెండువేల యేండ్లకు పైగా సాగులోనున్న ఈ మొక్క కొమ్మ యెండినను, నేలలోని దుబ్బు బ్రదికియుండి మరల పిలకలు వేయును.

చలిదేశములలో దీనికి గండము శీతకాలము. ఎర్రమంచి, పెనుకొండ, హిందూపురము ప్రాంతములలో గండము వేసవి. చలికోర్చు వేరు మన యెండకును, నిలువనీటికిని ఓర్వజాలదు. కావున పూలు ముగియగనే కొమ్మలను నేలకు బెత్తెడెత్తున కోసి, బాగుగ పూచిన దుబ్బులను మాత్రమేరి, మధ్యాహ్నపు నీడ గల యెత్తు మడిలో నాటవలెను. నీరు కొలదిగా తరచు పెట్టవలెను. గిడసబారినవానిని, ఆకుమచ్చ గలవానిని ఉంచరాదు. ఆ తెగులు పిలకలతోనే తోటకెల్ల ప్రాకును.

అడుగెడముగా నాటినచో సెంటునేలకు సుమారు 435 దుబ్బులు పట్టును. దుబ్బుకు పది పిలకలైనను దక్కినచో పది సెంట్ల తోటకు నారు చాలును. నాటిన నాలుగు వారములకు నడిచిగురు త్రుంచినచో ప్రక్కకొమ్మలు హెచ్చి, పూలు విరివియగును.

పూతకు కాలమును నిర్ణయించునది రాత్రి నిడివి. పగటి రాత్రుల కొలత పూతను నడపునని 1920లో అమెరికాలో గార్నరు, అల్లార్డు అను శాస్త్రజ్ఞులు ప్రకటించిరి. చామంతి దీర్ఘరాత్రులయందు మొగ్గ తొడుగును. కావున ఆలస్యముగా నాటిన మొక్క యెదుగకమునుపే పూచి, దిగుబడి తగ్గును. రాత్రియెల్ల దీపపు వెలుగు పడు గట్టున పూత వెనుకబడును. రాజమార్గము ప్రక్కనున్న చేలవారు దీనిని గమనింపవలెను.

ఎర్రమంచియొద్ద 2019లో కార్ల కర్మాగారము పని ప్రారంభించెను. సేద్యపు నేల కొంత తగ్గినది. బావినీరు ఏనాడును పుష్కలము కాదు. కొద్ది నేల గలవాడు ప్రతియేట నారు అప్పుపై కొన్నచో, పూలధర పడిన యేడు అప్పే మిగులును. నారు తనదైనచో ఆ నష్టము సగమైనను తేలికపడును.

కావున సభ్యులు ఊరికొక తల్లిమడిని ఉమ్మడిగా పెంచి, నీటి వంతులు ముందే నిర్ణయించుకొని, ఆషాఢమునకు పిలకలు పంచుకొందురుగాక యని కోరుచున్నాము. ఈ యేడు పెరికివేయబోవు దుబ్బే రాబోవు యేటి పెట్టుబడి.