పేరులో ఊరు



కొత్త మనిషి కనబడితే మనం ముందు ఏం అడుగుతాం? "ఏ వూరమ్మా మీది?" అని అడుగుతాం. పేరు ఆ తర్వాతే. ఊరు తెలిస్తే సగం మనిషి తెలిసినట్టే. అందుకే చాలామంది ఇంటిపేర్లలో ఒక ఊరు దాగి ఉంటుంది.

తంగుటూరి ప్రకాశం పంతులు గారి పేరు మీరు విన్నారు కదా. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడింది. ఆయనే మొదటి ముఖ్యమంత్రి. తంగుటూరి అంటే తంగుటూరుకు చెందిన అని అర్థం. నెల్లూరు నుంచి ఒంగోలు పోయే రోడ్డులో తంగుటూరు అనే ఊరు ఉంది. బస్సులో పోయేటప్పుడు బోర్డు చదవండి.

ఊరి పేరు ఇంటిపేరు అయినప్పుడు ఏం జరిగిందో చూడండి. చివర ఉన్న 'రు' పోయి 'రి' వచ్చింది. తంగుటూరు, తంగుటూరి. నెల్లూరు, నెల్లూరి.

1955లో ముఖ్యమంత్రి అయిన బెజవాడ గోపాలరెడ్డి గారు మన బుచ్చిరెడ్డిపాళెంలో పుట్టారు. బెజవాడ అంటే ఇప్పటి విజయవాడ. ఆయన పుట్టింది ఒక చోట, ఇంటిపేరులో ఉన్నది ఇంకో చోటు. కాబట్టి ఇంటిపేరులోని ఊరు మనం పుట్టిన ఊరే కానక్కరలేదు. తాతముత్తాతల ఊరు కావచ్చు.

ఇక్కడ ఒక సంగతి ఆలోచించండి. కావలిలో ఉండే మనిషిని కావలాయన అని ఎవరైనా పిలుస్తారా? పిలవరు. అక్కడ అందరూ కావలివాళ్లే. ఆ మనిషి కోవూరు వచ్చి స్థిరపడితే అప్పుడు కావలాయన అవుతాడు. ఊరు విడిచినవాళ్లకే ఊరి పేరు వస్తుంది.

అరబ్బు దేశాల్లో కూడా ఇదే పద్ధతి. మనం 'ఊరు'ను 'ఊరి' చేస్తాం. వాళ్లు ఊరి పేరు చివర 'ఈ' చేరుస్తారు. బగ్దాద్ నుంచి వచ్చినవాడు బగ్దాదీ. మక్కా మనిషి మక్కీ. మదీనా మనిషి మదనీ. బుఖారా మనిషి బుఖారీ. బుఖారా ఇప్పుడు ఉజ్బెకిస్తాన్ దేశంలో ఉంది. ఇలాంటి పేరును అరబ్బీలో 'నిస్బా' అంటారు. నిస్బా అంటే సంబంధం. కొన్ని పేర్లకు ముందు 'అల్' అని కూడా వస్తుంది. అల్ బగ్దాదీ అన్నా బగ్దాదీ అన్నా ఒకటే.

ఈజిప్టు దేశాన్ని అరబ్బీలో మిస్ర్ అంటారు. ఆ దేశం మనిషి మిస్రీ. మన సాయిబుల ఇళ్లలో కలకండను ఏమంటారో గుర్తుందా? మిస్రీ అనే అంటారు. ఆ మాట కూడా మిస్ర్ దేశం పేరు నుంచే వచ్చింది. మనుషులకే కాదు, తీపికి కూడా ఊరి పేరు అంటుకుంది!

మన వీధుల్లో జిలానీ అనే పిల్లలు కనబడతారు. అబ్దుల్ ఖాదర్ జిలానీ అనే మహానుభావుని మీద భక్తితో ఆ పేరు పెట్టుకుంటారు. ఆయన 1166లో బగ్దాద్‌లో కన్నుమూశారు. జిలానీ అంటే గిలాన్‌కు చెందినవాడు. గిలాన్ ఇరాన్ దేశంలో ఉంది. అక్కడ కూడా ఒక పక్క నీళ్లే, కాస్పియన్ సముద్రం. అక్కడివాళ్లు వరి పండిస్తారు, చేపలు పడతారు. మన నెల్లూరు పేరు కూడా నెల్లు, అంటే వడ్ల నుంచి వచ్చిందని చెబుతారు. చూశారా, ఎక్కడి గిలాన్, ఎక్కడి నెల్లూరు!

షేక్, సయ్యద్ అనేవి ఊరి పేర్లు కావు. షేక్ అంటే పెద్దమనిషి. ప్రవక్త వంశం వాళ్లమని చెప్పుకునేవారు సయ్యద్‌లు.

నిజంగానే అరబ్బు దేశం నుంచి ఊరి పేరుతో వచ్చినవాళ్లు హైదరాబాదులో ఉన్నారు. బార్కస్ అనే పేటలో వాళ్ల ఇళ్లు ఉన్నాయి. వాళ్ల పెద్దలు నిజాం సైన్యంలో పని కోసం యెమెన్ దేశం నుంచి వచ్చారు. వాళ్లలో యాఫయీ అనే ఇంటిపేరు ఉంది. యాఫా అనేది యెమెన్‌లో ఒక కొండ ప్రాంతం. ఆ కొండలు చూడని మనవలు కూడా యాఫయీలే.

మరి ఆడవాళ్ల సంగతి? 1200 ఏళ్లకు పైగా కిందట ఇరాక్ దేశంలోని బస్రా పట్నంలో రాబియా అనే భక్తురాలు ఉండేది. ఆమెను మనవైపు రాబియా బస్రీ అంటారు. అరబ్బీలో ఆడమనిషికైతే బస్రియ్యా అనాలి.  ఆమె పేరులో ఆమె సొంత ఊరే ఉంది. అరబ్బు ఆడవాళ్లు పెళ్లయినా పుట్టింటి పేరు మార్చుకోకపోవటం పాత ఆచారం.

మన దగ్గర పెళ్లయితే ఊరు విడిచేది ఆడపిల్లే. అత్తగారి ఊళ్లో ఆమెను అల్లూరామె అనో కావలి కోడలు అనో పిలుస్తారు. అది కూడా నిస్బా లాంటిదే. కాని కాగితం దగ్గరికి వస్తే ఆ ఊరు ఉండదు. పుట్టింటి ఇంటిపేరూ పోతుంది. మారకూడదా అంటే మారవచ్చు. మారి తీరాలని చట్టం మాత్రం ఎక్కడా చెప్పలేదు. అది మన ఇష్టం.

అయితే ఏ పేరు ఉంచుకున్నా అన్ని కాగితాల్లో ఒకే రకంగా ఉండాలి. బడి సర్టిఫికెట్లో పుట్టింటి పేరు, ఆధార్‌లో అత్తింటి పేరు ఉంటే ఆఫీసుల చుట్టూ తిరగాలి. కువైట్ పోదామనుకునేవాళ్లు ఇంకా జాగ్రత్తగా ఉండాలి. పాస్‌పోర్టు దరఖాస్తులో ఇంటిపేరుకు ఒక గడి, సొంత పేరుకు ఒక గడి వేరువేరుగా ఉంటాయి. ఏజెంటు రాశాడులే అని వదిలేయకండి. మీరే చదివి చూసుకోండి.

చేసి చూడండి

1. మీ పుట్టింటి ఇంటిపేరు రాయండి. అందులో ఊరు ఉందా?

2. మీ అమ్మ పుట్టింటి పేరు, అమ్మమ్మ పుట్టింటి పేరు అడిగి రాయండి. అమ్మమ్మ లేకపోతే ఆ ఊరి పెద్దవాళ్లను అడగండి.

3. ఈ మాటలు బిగ్గరగా చదవండి: బగ్దాద్ – బగ్దాదీ, బుఖారా – బుఖారీ, గిలాన్ – జిలానీ, నెల్లూరు – నెల్లూరి.

4. మీ రేషన్ కార్డు, ఆధార్, బ్యాంకు పుస్తకం మూడూ పక్కన పెట్టుకోండి. మూడింటిలో మీ పేరు ఒకటిగానే ఉందా?