వేట విరామం ఎందుకు? రాతిరొయ్య, పీత, రొయ్యల బతుకు తెలుసుకుందాం

'మత్స్యకారుల సేవలో' పథకం లబ్ధిదారుల కోసం – విజయనగరం జిల్లా



ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజులు మన తీరంలో ఇంజను పడవలు, మరబోట్లు ఒడ్డునే ఉంటాయి. ఆ రెండు నెలలు ఇల్లు గడవడానికి ప్రభుత్వం అర్హత ఉన్న కుటుంబానికి రూ.20,000 ఇస్తోంది. డబ్బు ఎప్పుడు పడుతుందని అందరూ అడుగుతారు. వేట ఎందుకు ఆపాలని అడిగేవాళ్లు తక్కువ. అడిగినా "చేపలు గుడ్లు పెట్టే కాలం" అని ఒక్క ముక్కలో చెప్పి ఊరుకుంటాం. ఆ ముక్క నిజమే, కానీ సగమే. మిగతా సగం ఇక్కడ చెప్పుకుందాం. చేపల సంగతి పక్కన పెట్టి, మంచి ధర తెచ్చే రాతిరొయ్య (లాబ్‌స్టర్), పీత, రొయ్యల గురించే మాట్లాడుకుందాం.

పథకం క్లుప్తంగా

తూర్పు తీరంలో వేట విరామం మొదట 47 రోజులే ఉండేది. 2015 నుంచి 61 రోజులైంది. విరామ కాలానికి గతంలో రూ.10,000 వచ్చేది. ఇప్పుడు రూ.20,000 వస్తోంది. 'మత్స్యకారుల సేవలో' పేరుతో ఈ పథకాన్ని 2025 ఏప్రిల్ 26న శ్రీకాకుళం జిల్లా ఎచ్చెర్ల మండలం బుడగట్లపాలెంలో ముఖ్యమంత్రి ప్రారంభించారు. ఆ ఏడాది రాష్ట్రంలో సుమారు 1.29 లక్షల కుటుంబాలకు సాయం అందింది. ఇంజను లేని సంప్రదాయ తెప్పలకు, పడవలకు విరామం వర్తించదు.

ఇవన్నీ ఒకే కుటుంబం

రాతిరొయ్య, పీత, రొయ్య చూడటానికి వేరువేరుగా ఉంటాయి. కానీ మూడూ దాయాదులే. మూడింటికీ లోపల ఎముక లేదు, ఒంటిపైన పెంకే ఎముక. నడిచే కాళ్లు లెక్కపెట్టి చూడండి, పీతకు డెక్కలతో కలిపి పది. రాతిరొయ్యకూ పదే, రొయ్యకూ పదే. వీటి రక్తం మనలా ఎర్రగా ఉండదు. మన రక్తంలో ఇనుము చేసే పని వీటి రక్తంలో రాగి చేస్తుంది, అందుకే కాస్త నీలంగా కనిపిస్తుంది.

ఈ కుటుంబంలో ప్రపంచమంతా కలిపి అరవై వేలకు పైగా రకాలున్నాయి. పడవ అడుగున అంటుకుని, గీకితే గానీ ఊడని తెల్లటి గట్టి పెంకులు కూడా ఇందులోవే. అవి గవ్వ జాతి అనుకుంటాం గానీ కాదు, రొయ్యకు చుట్టాలు. కంటికి ఆనని నలుసుల్లాంటి జీవులు కూడా ఈ కుటుంబంలో కోట్లాదిగా ఉన్నాయి. కవళ్లు, కానాగంతల లాంటి చేపలకు అవే ముఖ్యమైన తిండి.

మన రాతిరొయ్యలను ఇలా గుర్తుపట్టవచ్చు:

– తోక పలకలపై గాళ్ల అంచు అలల్లా వంకరలు తిరిగి ఉంటే అది హొమారస్ రకం. అలలు కొట్టే రాళ్ల సందుల్లో ఉంటుంది.
– కాళ్లపై లేత, ముదురు రంగుల పట్టీలుండి బాగా పెద్దగా ఎదిగేది ఆర్నాటస్ రకం.
– తోకపై సన్నటి తెల్లని అడ్డగీతలుంటే పాలిఫేగస్. ఇది బురద నేల రకం.
– పొడుగు మీసాలు లేకుండా, ఎవరో తొక్కినట్టు చదునుగా, ఇసుక రంగులో ఉండేది చదును లాబ్‌స్టర్. ట్రాల్ వలకు ఎక్కువగా పడేది ఇదే.

టీవీల్లో పెద్ద పెద్ద డెక్కలతో కనిపించే లాబ్‌స్టర్ మనది కాదు. అది అట్లాంటిక్ చల్లటి నీళ్లలో ఉంటుంది. మనవాటికి డెక్కలు లేవు, ముళ్ల మీసాలే వాటి ఆయుధం.

పెంకు విడిచే రోజు

పెంకు పెరగదు, లోపలి ఒళ్లు పెరుగుతుంది. చిన్నప్పటి చొక్కా పెద్దయ్యాక పట్టనట్టే, పీతకైనా రాతిరొయ్యకైనా పాత పెంకు బిగుతవుతుంది. అప్పుడు దాన్ని విడిచేసి బయటికొస్తుంది. కొత్త పెంకు గట్టిపడేదాకా ఒళ్లు మెత్తగా ఉంటుంది. నీరు పీల్చి ఉబ్బుతుంది. ఆ సమయంలో పట్టిన పీతను కాటాకు వేస్తే బరువు కనిపిస్తుంది గానీ లోపల కండ తక్కువ, నీరెక్కువ. వ్యాపారి ధర తగ్గించేది అందుకే. దాన్ని వదిలేస్తే కండ పట్టి మళ్లీ ఎవరో ఒకరి వలకే వస్తుంది.

తెగిన కాలు మళ్లీ మొలిచేది కూడా పెంకు విడిచినప్పుడే. మొదట చిన్నగా వస్తుంది, ఒకటి రెండుసార్లు పెంకు మారాక సరైన సైజుకు చేరుతుంది. పీతల్లో ఆడది మగదానితో కలిసేది కూడా ఎక్కువగా ఈ మెత్తటి ఒంటితో ఉన్నప్పుడే.

రాతిరొయ్య పిల్ల ప్రయాణం

ఆడ రాతిరొయ్యను గుర్తుపట్టడం తేలిక. తిరగేసి చూడండి. చివరి జత కాళ్ల కొసన చిన్న పట్టకారు లాంటిది ఉంటే ఆడది. తోక కింద పుట్టతేనె పట్టులా గుత్తులుగా గుడ్లుంటే అది తల్లి. గుడ్లు మొదట నారింజ రంగులో ఉంటాయి. ముదిరేకొద్దీ గోధుమ రంగుకు తిరుగుతాయి. ఒక్కో తల్లి లక్షల్లో గుడ్లు మోస్తుంది. కొన్ని వారాల పాటు వాటిని తోక కింద పెట్టుకుని, నీరు ఆడేలా విసురుతూ కాపాడుతుంది.

గుడ్డు పగిలి వచ్చే పిల్ల తల్లిలా ఉండదు. ఆకులా పల్చగా, గాజులా ఉంటుంది. చేతిలోకి తీసుకున్నా గుర్తుపట్టలేం. ఈదే బలం లేక నీటివాలుకు నడిసంద్రంలోకి కొట్టుకుపోతుంది. అక్కడే నెలల తరబడి తేలుతూ, పలుమార్లు పెంకు మార్చుకుంటూ పెరుగుతుంది. ఆ తర్వాత చిన్న రాతిరొయ్య రూపం వస్తుంది, అప్పటికీ ఒంటికి రంగుండదు. అప్పుడు ఒడ్డువైపు ఈదుకుంటూ వచ్చి, చింతపల్లి దగ్గర ఉన్నలాంటి రాళ్ల సందుల్లో చేరుతుంది. లక్షల గుడ్లలో ఇంతదూరం వచ్చేవి ఎన్నో కాదు, వేళ్ల మీద లెక్కపెట్టేన్ని.

అందుకే ఒక తల్లిని తీస్తే ఒక రాతిరొయ్య పోయినట్టు కాదు. ఆ వేళ్ల మీది లెక్క కూడా పోయినట్టు.

రొయ్య దారి వేరు, పీత దారి వేరు

సముద్రపు రొయ్య గుడ్లు మోయదు. రాత్రిపూట నీటిలో వదిలేస్తుంది. ఒక్క రోజులోపే అవి పగులుతాయి. పిల్లలు రూపాలు మార్చుకుంటూ పోటుతో పాటు మొగల్లోకి, ఉప్పుటేర్లలోకి వస్తాయి. కోనాడ దగ్గర చంపావతి సముద్రంలో కలిసే చోటు లాంటివి వాటికి ఉయ్యాల. కొన్ని నెలలు అక్కడ పెరిగి, పెద్దవయ్యాక తిరిగి సంద్రానికి పోతాయి. మొగలో దోమతెర లాంటి సన్న కన్ను వల వేస్తే పడేవి ఈ పిల్లలే. చెరువుల్లో పెంచే వనామి మాత్రం మన సముద్రం రొయ్య కాదు, అమెరికా ఖండాల పసిఫిక్ తీరం నుంచి తెచ్చింది.

మట్టపీతది తిరుగు ప్రయాణం. అది ఉప్పుటేరులో, మడ చెట్ల బురదలో పెరిగి, గుడ్లు వదలడానికి ఆడది సముద్రానికి పోతుంది. పీత ఆడో మగో పొట్ట మీది మడత చూస్తే తెలుస్తుంది. సన్నగా మొనదేలి ఉంటే మగది, వెడల్పుగా గుండ్రంగా ఉంటే ఆడది. ఆ మడత కిందే గుడ్లు మోస్తుంది.

మరి 61 రోజులు చాలవా?

చాలవు. ఇదే ఇందాక చెప్పిన మిగతా సగం. విరామంలో ట్రాల్ వలలు నేల గీకడం ఆగుతుంది, చాలా జాతులకు ఊపిరి అందుతుంది. కానీ గుడ్లతో ఉన్న రాతిరొయ్యలు, పీతలు ఏడాదిలో మిగతా నెలల్లోనూ దొరుకుతాయి. జూన్ 15న మీరు వేటకు వెళ్లిన తొలిరోజు కూడా వలలో గుడ్ల తల్లి పడవచ్చు. అప్పుడు దాన్ని కాపాడేది విరామం కాదు, మీ చెయ్యే.

ముంబైలో ఏం జరిగిందో వినండి. 1980లలో అక్కడి ట్రాలర్లకు చదును లాబ్‌స్టర్ ఏటా వందల టన్నులు పడేది. గుడ్లవీ, పిల్లవీ అన్నీ తీశారు. ఈ రకం గుడ్లు రాతిరొయ్య కంటే బాగా తక్కువ మోస్తుంది. కాబట్టి పోయినవాటిని పూడ్చుకోలేకపోయింది. 1994 నాటికి ఆ వేట కుప్పకూలింది. దేశం మొత్తంలోనూ 1985లో సుమారు 4,000 టన్నుల లాబ్‌స్టర్లు పడ్డాయి. ఆ తర్వాత మళ్లీ ఆ స్థాయి రాలేదు.

ఇంకో ఉదాహరణ అమెరికాలోని మెయిన్ రాష్ట్రం. అక్కడ గుడ్ల లాబ్‌స్టర్ పడితే తోక రెక్కపై చిన్న గాటు పెట్టి వదిలేస్తారు. తర్వాత గుడ్లు లేకుండా దొరికినా, గాటు కనిపిస్తే మళ్లీ వదలాల్సిందే. 1917 నుంచి ఈ పద్ధతి నడుస్తోంది. వందేళ్లు దాటినా అక్కడి ఊళ్లు లాబ్‌స్టర్ మీదే బతుకుతున్నాయి.

మన జిల్లాకు ఉన్న తీరం 28 కిలోమీటర్లే. ఇక్కడ పట్టు చాలక మనవాళ్లు గుజరాత్‌లోని వేరావల్ దాకా పోతున్నారు. 2018 నవంబరులో అక్కడి నుంచి వేటకెళ్లి పాకిస్తాన్‌కు చిక్కిన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల వాళ్లలో ఎక్కువమంది 2020 జనవరిలో గానీ ఇంటికి రాలేదు. ఆ ఇళ్లలో ఆడవాళ్లు ఎలా గడిపారో మీకు ఒకరు చెప్పనక్కర్లేదు. వలసకు కారణాలు చాలా ఉన్నాయి. ఇంటి ముందరి సంద్రంలో సంపద నిలబెట్టుకోవడం మాత్రం మన చేతిలో ఉన్న పని.

మీరు చేయగలిగినవి

1. గుడ్ల రాతిరొయ్య పడితే వదిలేయండి. మీసాలు పట్టి లాగొద్దు, వీపు దగ్గర పట్టుకోండి. ఎండలో ఉంచొద్దు. పట్టిన చోటనే, రాళ్ల దగ్గర మెల్లగా నీటిలో దించండి.
2. గుడ్లు గీకేసి అమ్మొద్దు. కాటాలో వచ్చే ఆ కొద్ది రూపాయలకు లక్షల గుడ్లు నేలపాలవుతాయి.
3. చిన్నవాటిని వదలండి. ప్రాణంతో ఎగుమతి చేసే లాబ్‌స్టర్‌కు కేంద్ర వాణిజ్య శాఖ 2003లో కనీస బరువు పెట్టింది. హొమారస్ 200 గ్రాములు, పాలిఫేగస్ 300, ఆర్నాటస్ 500, చదును లాబ్‌స్టర్ 150 గ్రాములు. అంతకంటే తక్కువ ఉంటే ఎగుమతికి పనికిరాదు, మీకూ ధర రాదు.
4. మొగల్లో, ఉప్పుటేర్లలో సన్న కన్ను వలలు వేయొద్దు.
5. సరుకు అమ్మే అక్కచెల్లెళ్లకు ఒక మాట. గుడ్ల పీతలు, గుడ్ల రాతిరొయ్యలు కొనబోమని గంప దగ్గరే చెప్పండి. మీరు వద్దంటే ఒడ్డుకు తేవడం తగ్గుతుంది.

డబ్బు ఆగకుండా ఉండాలంటే

– మీ పడవ రిజిస్ట్రేషన్ చెల్లుబాటులో ఉందో లేదో చూసుకోండి.
– విరామం మొదలయ్యాక సిబ్బంది ఒడ్డున పడవలు లెక్కించే రోజు పడవతో పాటు మీరూ అక్కడ ఉండండి.
– బ్యాంకు ఖాతాకు ఆధార్ అనుసంధానం, ఈ-కేవైసీ పూర్తి చేసుకోండి.
– సచివాలయంలో పెట్టే జాబితాలో పేరు చూసుకోండి. లేకపోతే గ్రామ మత్స్య సహాయకుడికి వెంటనే అర్జీ ఇవ్వండి, రసీదు దగ్గర పెట్టుకోండి.
– విరామంలో ఇంజను పడవపై వేటకు వెళ్తే 1994 నాటి రాష్ట్ర సముద్ర చేపల వేట క్రమబద్ధీకరణ చట్టం కింద చర్యలుంటాయి. డీజిల్ రాయితీ, పథకం సాయం కూడా పోతాయి.

రూ.20,000 రెండు నెలల తిండికి ఇచ్చేది. మిగతా పది నెలల తిండి తోక కింద గుడ్లు మోస్తున్న ఆ తల్లి దగ్గర ఉంది. ఈసారి వలలో అది కనిపిస్తే గుర్తుపట్టండి, వదిలేయండి.

ఈ పీడీఎఫ్‌ను మీ పడవ జట్టు వాట్సాప్ గ్రూపులో పంపండి. చదవలేని పెద్దవాళ్లకు ఇంట్లో పిల్లల చేత చదివించండి.

– జిల్లా సమాచార అధికారి, విజయనగరం